అదోలా

ఇల్లంతా నిద్రపోయింది. నా గొణుగుడు ఎవరి మీదో అనుకునేరు, ఈసారి ఒక్క మాట మీద. ఫీల్డ్ నోట్సులో, అంటే వీధిలో చూసింది రాసుకునే పుస్తకంలో, ఇలా ఉంది: "6:10. బస్టాపు బెంచీ మీద ముగ్గురు. అదోలా చూశారు."

అదోలా అంటే ఎలా? కోపంగానా, బెరుగ్గానా? నగరాన్ని చదివే సోషియాలజిస్టుకు ఆ బెంచీ మీద ఎవరు ఎంతసేపు కూర్చున్నారు, ఎవరొస్తే ఎవరు లేచారు అన్నదే సరుకు. అది వదిలేసి మనసులో మెదిలింది రాసేస్తే, ఆర్నెల్ల తర్వాత కోడింగుకు (రాసుకున్నదాన్ని అంశాలవారీగా గుర్తులు పెట్టి విడదీయడానికి) కూర్చున్నప్పుడు చేతికేమీ తగలదు. "మామూలే" అన్నది ఇంకో చీడ. రెండో వారం నుంచీ నోట్సుకు పడుతుంది. వీధిలో ఏమీ జరగలేదని కాదు, కళ్లు అలవాటు పడిపోయాయని.

తప్పంతా రాసేవాళ్లదీ కాదులెండి. ప్రాజెక్టు ప్రతిపాదనల్లో తిరిగే రోజులకు లెక్క ఉంటుంది, రాసే రోజులకు ఉండదు. నాలుగు గంటలు నిలబడి చూస్తే రాయడానికి అంతకన్నా ఎక్కువే పడుతుంది. అక్కడికక్కడ చిన్న పుస్తకంలో పొడిమాటలు, టైము, అంకెలు. పూర్తి వాక్యాలు ఆ రాత్రే, అదీ ఎవరితోనూ ముచ్చట పెట్టకముందే. పెట్టామా, చెప్పింది గుర్తుంటుంది, చూసింది పోతుంది. గంట ఇంటర్వ్యూను పొల్లుపోకుండా కాగితం మీదకు దించడానికి నాలుగు గంటలైనా కావాలి. ఇవేవీ బడ్జెట్లోకి రావు గానీ "శాంపిల్ ఎంత?", అంటే ఎంతమందిని కదిపారు అని మాత్రం అడుగుతారు. పగటిపూటే తలుపులు కొడితే పనికి పోయినవాళ్లంతా ఆ శాంపిల్లోంచి జారిపోతారని ఎవరికీ తట్టదు.

ఈ గొడవంతా ఎందుకు, లెక్కే నయం. దారికి అడ్డంగా ఒక ఊహాగీత, గంటకు పదిహేను నిమిషాలు, దాటిన మనిషికో గీటు. కూర్చున్నవాళ్లకు వేరే కాగితం. పనిరోజు ఒకసారి, సెలవురోజు ఒకసారి. అదోలాకు అందులో చోటే లేదు.

ఇలా తేల్చేసుకున్నాక అమెరికా సోషియాలజిస్టు విలియం ఫుట్ వైట్ గుర్తొచ్చాడు. (న్యూయార్క్ ప్లాజాల్లో కెమెరాలు పెట్టిన విలియం హెచ్. వైట్ వేరు, కలిపేయకండి.) 1930ల చివర్లో బోస్టన్ నార్త్ ఎండ్‌లో, ఇటలీ నుంచి వచ్చిన కుటుంబాల పేటలో, మూడేళ్లకు పైగా ఉన్నాడు. ఓసారి జూదం కబుర్లు సాగుతుంటే మధ్యలో దూరి, పోలీసులకు మామూళ్లు ముడతాయా అన్నట్టు ఏదో అడిగాడు. అంతా గప్‌చుప్. ఎవరు, ఏమిటి, ఎందుకు అని గుచ్చకు, ఊరికే తిరుగుతూ ఉండు, జవాబులు అవే వస్తాయని తర్వాత చెప్పింది అక్కడి నేస్తమే. (మన భాషలో ఆ లంచమూ మామూలే, ఏం చోద్యమో.)

ఆ వీధి మూల కుర్రాళ్లతో బౌలింగ్ ఆడేవాడు. స్కోరు కాగితం ఒక్కటే చూస్తే ఎవడి నైపుణ్యం వాడిది. తనూ ఆడాడు కనుక ఇంకోటి కనబడింది. ముఠాలో కిందిమెట్టువాడు విడిగా ఎంత బాగా ఆడినా, అందరూ చేరిన పోటీలో తడబడేవాడు. వాడు ముందుకొస్తే ఎగతాళి, పెద్దలు గెలిస్తే అది న్యాయమే. స్కోర్ల వరస, పెద్దరికాల వరస దాదాపు ఒకటే అయ్యాయి. 1943లో అచ్చైన అతని పుస్తకంలో నాకు బాగా నచ్చిన చోటు అదే.

నా గీట్ల కాగితంలో ఆ ఎగతాళి ఏ గడిలో పడుతుంది?

అదోలాను కొట్టేయకూడదేమో. ఊరికే రాదది. ఏ మాటో ఆగితే, ఏ సంచో ఒడిలోకి జరిగితే వస్తుంది. పేజీకి కుడిపక్క "నాకనిపించింది" అని సన్నటి గడి గీసి అక్కడ ఉంచాలి. ఎడంపక్క, దాన్ని పుట్టించిన కదలిక రాయాలి, తెల్లారేలోపు.

ఈ పేజీ మీది తేదీకి మూడు వారాలు దాటాయి. కింది పంక్తిలో ఇంతే ఉంది: "6:25. బెంచీ ఖాళీ."