నలుగురా, ఐదుగురా?

ఆ బ్యాంకు దోపిడీ కేసులో నేను పి.డబ్ల్యూ.2. అంటే ప్రాసిక్యూషన్ వారి రెండో సాక్షిని. మేనేజరు గారు ఒకటి, నేను రెండు, అటెండరు మూడు. నాలుగేళ్లపాటు ఆ కాగితాల్లో మా పేర్లకంటే ఈ నంబర్లే ఎక్కువ వాడారు.

మొన్న మా మేనల్లుడు ఫోన్ చేసి, "మామయ్యా, బ్యాంకు దోపిడీకి ఎన్నేళ్లు వేస్తారు?" అని అడిగాడు. వాడు లా రెండో ఏడాది చదువుతున్నాడు. మీ పుస్తకంలో ఉంటుంది కదరా అన్నాను. "ఆ సెక్షన్లలో బ్యాంకు అన్న మాటే లేదు మామయ్యా" అన్నాడు. నిజమే. అమెరికాలో బ్యాంకు దోపిడీకి విడిగా ఫెడరల్ చట్టమే ఉందట. 20 ఏళ్ల వరకు, మారణాయుధంతో ప్రాణాల మీదికి తెస్తే 25 వరకు. డాలస్‌లో ఉన్న మా అమ్మాయి చెప్పింది. మన దగ్గర బ్యాంకైనా బడ్డీ కొట్టయినా ఒకటే. ఎంతమంది వచ్చారు, చేతిలో ఏముంది, ఎవరికైనా దెబ్బ తగిలిందా, చట్టం ముందు అడిగేవి ఇవే.

2012లో నేను ఒక మండల కేంద్రంలో హెడ్ క్యాషియర్ని. ఊరి పేరు, బ్యాంకు పేరు ఇప్పుడెందుకులెండి. మధ్యాహ్నం రెండు దాటింది. ఒక పెద్దావిడ బంగారం లోను మొత్తం కట్టేసి రసీదు చేత్తో పట్టుకుని నిలబడింది. ఆవిడ నానుతాడు తీసివ్వడానికి సేఫ్ తెరిచాం. నా తాళం, మేనేజరు గారి తాళం రెండూ పడితేనే అది తెరుచుకుంటుంది. సరిగ్గా అప్పుడే వచ్చారు, నలుగురు. ముఖాలకు కర్చీఫులు. ఒకడి చేతిలో కొబ్బరిబోండాలు కొట్టే కత్తి. అందరినీ బోర్లా పడుకోమన్నారు. పెద్దావిడ కూడా రసీదు గుప్పిట్లో పెట్టుకుని నా పక్కనే పడుకుంది. 11 లక్షల పైచిలుకు నగదు, 14 బంగారం సంచులు పోయాయి. అయిదు నిమిషాలు కూడా పట్టలేదు. పోయేటప్పుడు కత్తివాడి కర్చీఫు జారింది. వాళ్లు లోపల ఉన్నంతసేపూ బయట మోటార్‌సైకిల్ ఇంజిన్ ఆగలేదు. ఆ శబ్దం గురించే తర్వాత నాలుగేళ్లు మాట్లాడాల్సి వస్తుందని అప్పుడు తెలీదు.

మా ఆఫీసు నుంచి నాకొచ్చిన మొదటి కాగితం మెమో. అలారం స్విచ్ ఎందుకు నొక్కలేదో సంజాయిషీ ఇమ్మని. స్విచ్ కౌంటర్ కింద ఉంది, నేను సేఫ్ దగ్గర ఉన్నాను అని రాసిచ్చాను. చాలలేదు, మళ్లీ రాయమన్నారు.

అయిదు వారాలకు నలుగురు దొరికారు. పోలీసులు ప్రెస్‌మీట్‌లో ముఖాలకు నల్లగుడ్డ కప్పి నిలబెట్టారు. దొంగల పరువు కాపాడటానికి కప్పుతారేమో అనుకునేవాణ్ని. కాదట, అది మాబోటి సాక్షుల కోసం. పేపర్లో ఫోటో చూసి వచ్చి గుర్తుపట్టాడంటే ఆ గుర్తింపుకి కోర్టులో విలువ ఉండదు.

ఆ గుర్తింపు పరేడ్ సబ్‌జైల్లో పెట్టారు. మేజిస్ట్రేటు గారొక్కరే ఉన్నారు, పోలీసుల్ని లోపలికి రానివ్వలేదు. ఇంచుమించు ఒకే ఎత్తు, ఒకే ఈడు ఉన్నవాళ్లని వరుసగా నిలబెట్టారు. మొదటిసారి చూసుకుంటూ చివరిదాకా వెళ్లిపోయాను, ఎవరూ తగల్లేదు. టెన్షన్‌తో నోరు ఎండిపోయింది. వెనక్కి వస్తుంటే, మూడోవాడు. తాకి చూపించమంటే భుజం మీద చెయ్యి వేశాను. చొక్కా చెమటకి తడిసి ఉంది. తర్వాత వాళ్లచేత చొక్కాలు మార్పించి, చోట్లు మార్చి, మళ్లీ చూపించమన్నారు. మళ్లీ వాడినే చూపించాను. మిగతా ముగ్గుర్ని నేను గుర్తుపట్టలేదు. పట్టానని అబద్ధం చెప్పలేదు కూడా. వాళ్ల దగ్గర దొరికిన సంచుల మీద మా బ్యాంకు సీళ్లు ఉన్నాయి. వాళ్ల విషయంలో సాక్ష్యం అవే.

విచారణ మొదలయ్యే రోజు పీపీ గారు, అంటే ప్రభుత్వం తరఫు లాయరు, కోర్టు వరండాలో నన్ను పక్కకి పిలిచి అసలు లెక్క చెప్పారు. నలుగురైతే రాబరీ, ఐపీసీ సెక్షన్ 392, పదేళ్ల వరకు. ఐదుగురైతే డెకాయిటీ, 395, యావజ్జీవం దాకా పోతుంది. బయట బండి మీద కాపలా ఉన్నవాడు కూడా ఆ ఐదుగురి లెక్కలోకే వస్తాడు. వాడు దొరకకపోయినా పర్లేదు, ఉన్నాడని రుజువైతే చాలు. ఇదే లెక్క దొంగ బంగారం కొన్న షావుకారుకీ వర్తిస్తుంది. మామూలు దొంగసొత్తు అయితే మూడేళ్లు, డెకాయిటీ సొత్తని తెలిసి కొన్నాడంటే అతనికీ యావజ్జీవం దాకా ఉంది.

ఐదోవాణ్ని చూశానని పోలీసులకి చెప్పినవాడు ఎదురుగా ఉన్న టీ కొట్టతను. బోనెక్కాక, ఆ రోజు కొట్టే తెరవలేదన్నాడు. హోస్టైల్, అంటే ఎదురు తిరిగిన సాక్షి అని ప్రకటించారు. నాకు కోపం రాలేదు. అతను ఆ ఊళ్లోనే బతకాలి. నాకైతే అప్పటికే ట్రాన్స్‌ఫర్ అయింది.

దాంతో బరువంతా నా మీద పడింది. డిఫెన్స్ లాయరు గారు పెద్దాయన, చాలా మర్యాదగా అడిగారు.

"మీరు బోర్లా పడుకుని ఉన్నారు కదండీ?"

"అవునండీ."

"బయట మనిషిని చూశారా?"

"బండి ఆన్‌లో ఉన్న శబ్దం విన్నానండీ."

"శబ్దం సరే. మనిషిని చూశారా?"

"చూడలేదండీ."

"బండి ఆన్‌లో పెట్టి లోపలికి వచ్చి ఉండొచ్చు కదా?"

ఉండొచ్చు అన్నాను. పీపీ గారు ఫైల్లోంచి తల ఎత్తలేదు. ఆ రాత్రంతా నిద్ర లేదు. దొంగతనానికి వచ్చినవాడు తాళం బండికే వదిలేసి లోపలికి వస్తాడా? నా మనసుకి ఐదోవాడు ఉన్నాడనే అనిపిస్తుంది. కానీ నేను చూడలేదు.

2016లో తీర్పొచ్చింది. ఐదో వ్యక్తి సంగతి రుజువు కాలేదు కాబట్టి 395 పోయింది. నలుగురికీ 392 పడింది. కత్తివాడికి మాత్రం 397 కూడా కలిసింది. మారణాయుధం వాడితే ఏడేళ్లకి తక్కువ వెయ్యడానికి జడ్జి గారికి కూడా వీల్లేదు. పొడవక్కర్లేదు, చూపించి బెదిరించినా వాడినట్టేనని సుప్రీంకోర్టు 1975లోనే చెప్పింది. అయితే అది కత్తి పట్టినవాడికే, కూడా వచ్చినవాళ్లకి అంటదు. అందుకని వాడికి ఏడేళ్లు, మిగతావాళ్లకి అయిదేసి. మా అటెండరుని తోసేశారు కానీ దెబ్బ తగల్లేదు. తగిలి ఉంటే 394 పడేది. అందులో కొట్టినవాడికే కాదు, దోపిడీలో పాలుపంచుకున్న అందరికీ యావజ్జీవం దాకా ఉంది. కత్తివాడికి బెయిలు రాక అప్పటికే మూడున్నరేళ్లు లోపలే ఉన్నాడు. అవి ఏడులోంచి తీసేస్తారు. పేపర్లో మాత్రం 'ఏడేళ్ల జైలు' అని పెద్దక్షరాలతో వేశారు.

ఇప్పుడు ఆ నంబర్లు కూడా లేవు. ఐపీసీ పోయి భారతీయ న్యాయ సంహిత వచ్చింది. 2024 జులై 1 నుంచి జరిగినవాటికి 392 బదులు 309, 395 బదులు 310, 397 బదులు 311. నంబర్లు మారాయి, నాలుగూ ఐదు లెక్క మాత్రం అలాగే ఉంది. మేనల్లుడికి ఇదే చెప్పాను, రాసుకున్నాడు.

ఇక పెద్దావిడ నానుతాడు. తొమ్మిది సంచులు దొరికాయి, అందులో ఆవిడది ఉంది. అయితే అది ఎం.ఓ.4, కేసులో సొత్తు. ఇలాంటివాటిని స్టేషన్లో 15 రోజులకో, మహా అయితే నెలకో మించి ఉంచొద్దని సుప్రీంకోర్టు 2002లో చెప్పింది. మాకు ఎనిమిది నెలలు పట్టింది. ఫోటోలు తీసి, తూకం వేసి, బ్యాంకు పేరున బాండు రాయించుకుని ఇచ్చారు. రూపు మార్చకూడదు, అడిగినప్పుడు తెచ్చి చూపించాలి. బాండు మా పేరున ఉంది కాబట్టి ఆవిడకి ఇవ్వలేమని పైవాళ్లు అన్నారు. ఆవిడ సంతరోజు సోమవారం వచ్చి, ఆ పాత రసీదు కౌంటర్ మీద పెట్టి, "బాకీ తీర్చేశాను కదా నాయనా, ఇంకా ఎందుకు తాకట్టు?" అనేది. నా తర్వాత వచ్చిన క్యాషియర్‌కీ అదే మాట. మధ్యలో మనవరాలి పెళ్లి కూడా అయిపోయింది.

అప్పీలు జిల్లా కోర్టులో పడింది, అక్కడా అదే తీర్పు నిలిచింది. 2018లో ఆవిడ నగ ఇచ్చే రోజు ఆ బ్రాంచి నుంచి ఫోన్ చేస్తే సెలవు పెట్టి వెళ్లాను. ఆవిడ సంతకాలన్నీ, అంటే వేలిముద్రలన్నీ వేసి, నానుతాడు అక్కడికక్కడే మెళ్లో వేసుకుంది. కొక్కేనికి దారంతో కట్టిన ఎం.ఓ.4 చీటీ వీపు మీద వేలాడుతోంది. కౌంటర్ మీద కత్తెర తీసుకుని, "ఒక్క నిమిషం అటు తిరగండమ్మా" అన్నాను.