48లో ఆరో వంతు

మన టెన్త్ బ్యాచ్ సంచిక కమిటీ తరఫున మన మీసాలగాడు ఫోన్ చేశాడు. "రెండు పేజీలు చాలు, ఫొటో ఒకటి పంపు, రాజకీయాలు మాత్రం రాయొద్దు" అన్నాడు. రాజకీయాలు తీసేస్తే నా దగ్గర మిగిలేది మిర్చి. దాని గురించి మీలో సగం మందికి నాకంటే ఎక్కువే తెలుసు. అందుకని లెక్కల మాస్టారి గురించి రాస్తున్నాను. మధ్యలో రాజకీయం దొర్లితే మీసాలే సర్దుకోవాలి.

నోటి లెక్కల పీరియడ్ గుర్తుందిగా. కళ్ళు మూసుకుని నిలబడాలి, పెన్ను ముట్టుకుంటే వేళ్ళ మీద డస్టర్ తిరగేసి పడేది. నేను గుంటూరు మిర్చి యార్డులో బతికింది ఆ చదువుతోనే. క్వింటా 6,200 పలికితే 43 కిలోల టిక్కీకి, అంటే మిర్చి బస్తాకి, ఎంతో, హమాలీ ముఠా కుర్రాడు కాటా మీంచి బస్తా దించేలోపే చెప్పేవాణ్ణి. కిలో 62 కదా, ముందు అరవైకి 2,580, మిగతా రెండుకి 86, మొత్తం 2,666. రైతు వేళ్ళు మడిచి లెక్క చూసుకుని తల ఊపేవాడు. మా గుమస్తా అప్పటికింకా కాలిక్యులేటర్ నొక్కుతూనే ఉండేవాడు.

ఇక టెన్త్ బి సెక్షన్ లీడర్ ఎన్నిక. హార్లిక్స్ సీసాలో 48 చీటీలు. పొట్టిగాడికి 31, గొట్టానికి 15, నాకు రెండు. అందులో ఒకటి నేను వేసుకున్నదే. మాస్టారు నన్ను బోర్డు దగ్గరికి పిలిచారు.

"48లో ఆరో వంతు ఎంతరా?"

"ఎనిమిది సార్."

"నీకెన్ని?"

"రెండు సార్."

"డిపాజిట్ గల్లంతు. పోయి కూర్చో."

బల్లలు విరిగేలా చరిచారు మీరు. ఆ రోజు నుంచి నా పేరేమిటో ఇక్కడ రాయక్కర్లేదు. ఇప్పటికీ అరండల్‌పేటలో ఎవడో ఒకడు స్కూటర్ ఆపి ఆ పేరుతోనే కేకేస్తాడు, మా అల్లుడి ముందు కూడా.

ఇంటరూ, డిగ్రీ, పెళ్ళీ దాటేద్దాం. 2009 అసెంబ్లీ ఎన్నికలకి వచ్చేస్తే, సైకిలు, హస్తం, రైలింజను మధ్య నేను లోక్‌సత్తా వాళ్ళ ఈల గుర్తు మీద నిలబడ్డాను. నోటూ సీసా పంచకుండా ఓటడిగితే ఏమవుతుందో చూద్దామనిపించింది. యార్డులో తోటి వ్యాపారులు "బేరం లేని సరుకు తెచ్చావయ్యా" అన్నారు. బ్రాడీపేటలో పొద్దున్నే మా కుర్రాళ్ళు ఈలలు ఊదుతూ బయల్దేరితే, చెత్త బండి అనుకుని ఆడవాళ్ళు బకెట్లతో బయటికొచ్చారు. ఏం చేస్తాం, బకెట్లు పట్టుకున్న చేతుల్లోనే కరపత్రాలు పెట్టాం. టెన్త్‌లో నాకు పడిన ఆ రెండో ఓటు నాదేనంటూ ఆ నెలలోనే మన బ్యాచ్ వాళ్ళు ముగ్గురు, విడివిడిగా వచ్చి చెప్పిపోయారు. లెక్క ఎలా కుదిరిందో మాస్టారే చెప్పాలి.

మే 16న ఫలితం. నాకెన్ని వచ్చాయో మీకు తెలిసిందే, మళ్ళీ అచ్చులో ఎందుకు? సాయంత్రం మాస్టారు రిక్షాలో మా ఇంటికొచ్చారు. చూపు బాగా తగ్గిపోయింది. చెల్లిన ఓట్లు మొత్తం ఎన్నో నన్నే చదవమన్నారు. కళ్ళు మూసుకుని ఆరుతో భాగించి, శేషంతో సహా చెప్పారు. "సరిగ్గా ఇంతే వచ్చినా డిపాజిట్ దక్కదురా, దీన్ని దాటాలి" అని రూలు కూడా చెప్పారు. పోయిన డిపాజిట్ 5,000 గురించి మా ఆవిడ లోపల్నుంచి సణుగుతుంటే, "ఒక క్వింటా కాయల ఖరీదమ్మా, అంతే" అన్నారు. కాఫీ తాగాక, వెళ్తూ వెళ్తూ, "ఆ రెండు ఓట్ల కంటే పెరిగావుగా" అని నా వీపు మీద ఒకటి చరిచారు. నాకు అప్పుడు నవ్వొచ్చింది. రిక్షా సందు తిరిగాక మాత్రం నవ్వు రాలేదు.

మళ్ళీ పోటీ చేయలేదు. కొట్టు ఇప్పుడు మా అమ్మాయి చూస్తోంది. తేజ రకం మిరపకాయలు చైనాకి పంపుతోంది, బేరం నాకంటే గట్టిగా చేస్తుంది. నోటి లెక్కలు మాత్రం రావు.

సంచిక వెనక అట్ట మీద ప్రకటన మాదే. మీసాలా, కొట్టు పేరులో అచ్చుతప్పు పోకుండా నువ్వే దగ్గరుండి చూడు.