నెయ్యి లేబుల్ ఎస్‌వీజీ నుంచి ప్రెస్సు దాకా: నా అనుభవం

నెయ్యి లేబుల్‌ని ఇంక్‌స్కేప్ అనే ఉచిత డ్రాయింగ్ సాఫ్ట్‌వేర్లో గీశాను. అది దాచే ఎస్‌వీజీ ఫైలులో బొమ్మ పిక్సెళ్లుగా కాక గీతలుగా ఉంటుంది. సైజు 3×2 అంగుళాలు, అక్షరాలు రామభద్ర ఫాంటు. వెబ్‌సైటుకి కావలసిన పీఎన్‌జీ తేలిగ్గానే వచ్చింది: షిఫ్ట్+కంట్రోల్+ఇ నొక్కి, డీపీఐ (అంగుళానికి ఎన్ని పిక్సెళ్లో) 96 బదులు 300 పెడితే 900×600 పిక్సెళ్లు. జేపీజీ కావాలంటే మాత్రం అడుగున తెల్ల డబ్బా ఒకటి గీయండి. జేపీజీలో పారదర్శకత ఉండదు, ఖాళీ చోటు కొన్ని సాఫ్ట్‌వేర్లలో నల్లగా పడుతుంది.

అసలు తంటా ప్రెస్సులో. నేనిచ్చిన పీడీఎఫ్‌ని ఆపరేటర్ కోరల్‌డ్రా అనే డిజైన్ సాఫ్ట్‌వేర్లో తెరవగానే "స్వచ్ఛమైన నెయ్యి" ముక్కలైపోయింది. అక్షరం కింద ఉండాల్సిన ఒత్తులు పక్కకొచ్చాయి. కౌంటరు దగ్గర నలుగురి ముందూ, "యూనికోడ్ ప్రింటింగుకి పనికిరాదండీ, అను ఫాంట్లలో కొట్టించుకు రండి" అన్నాడు. యూనికోడ్ అంటే ఫోన్లలో, వెబ్‌లో తెలుగు రాసే ప్రామాణిక పద్ధతి; అను ఫాంట్లు డీటీపీ వాళ్లు వాడే, యూనికోడ్ కాని ఫాంట్లు.

అతని మాట శుద్ధ తప్పు. పీడీఎఫ్‌లో ఫాంటు ఎంబెడ్ అయ్యే ఉంది, అంటే ఫైలులోనే ఇమిడి ఉంది. అదే ఫైలు అదే కంప్యూటర్లో పీడీఎఫ్ రీడర్‌లో శుభ్రంగా కనిపించింది కూడా. పీడీఎఫ్‌ని లోపలికి తీసుకునేటప్పుడు అక్షరాలు టెక్స్ట్‌గా కావాలా, కర్వ్స్‌గా (ఒట్టి గీతల ఆకారాలుగా) కావాలా అని కోరల్‌డ్రా అడుగుతుంది. టెక్స్ట్ అంటే అక్షరాలన్నీ మళ్లీ తనే పేర్చబోతుంది. అక్కడ ఫాంటు లేకపోయినా, పాత వెర్షన్ కావడంతో ఒత్తులు పేర్చడం చేతకాకపోయినా ఇదే గతి. కర్వ్స్ అని ఎంచుకుంటే సరిపోయేది. చెప్పినా వినలేదు. తెలుగు ఊళ్లో ప్రెస్సు నడుపుతూ, తెలుగు సరిగా పడకపోతే నేరం యూనికోడ్ మీదికి తోయడం నాకు మహా కోపం తెప్పించింది.

అందుకే కర్వ్స్ మనమే చేసి ఇవ్వడం మేలు. ముందు ఒక కాపీ విడిగా దాచుకోండి, మార్చాక అచ్చుతప్పు దిద్దలేం. ఇంక్‌స్కేప్‌లో అక్షరాలు సెలెక్ట్ చేసి షిఫ్ట్+కంట్రోల్+సి నొక్కండి. అక్కడితో ఆపకండి. చాలా ఫాంట్లలో ఒత్తులూ గుణింతాలూ అసలు అక్షరం మీదికి కాస్త ఎక్కి ఉంటాయి. అన్‌గ్రూప్ చేసి, పాత్ మెనూలో యూనియన్ కొట్టండి, ఎక్కినవన్నీ ఒకే ఆకారంగా కలిసిపోతాయి. అదే మెనూలోని కంబైన్ కొడితే ఎక్కిన చోట తెల్ల చిల్లు పడే ప్రమాదం ఉంది. ఏదీ కొట్టకుండా వదిలేస్తే, స్టిక్కర్ కటింగ్ మిషను ఆ లోపలి గీత వెంట కూడా కోసేస్తుంది.

ప్రెస్సువాళ్లు ఈపీఎస్ (ప్రింటింగులో వాడే పాత రకం ఫైలు) అడిగితే ఒప్పుకోకండి, పీడీఎఫే ఇవ్వండి. ఈపీఎస్‌కి పారదర్శకత లేదు, లేబుల్ మీది నీడలన్నీ పిక్సెళ్లుగా మారిపోతాయి. ఆన్‌లైన్ కన్వర్టర్లనైతే నేను అస్సలు నమ్మను. కొన్ని ఒట్టి పీఎన్‌జీని ఈపీఎస్ లోపల పెట్టి చేతికిస్తాయి. బాగా జూమ్ చేస్తే అంచులు మెట్లు మెట్లుగా కనబడి గుట్టు తెలిసిపోతుంది.

ఇక నలుపు. ఇంక్‌స్కేప్ పీడీఎఫ్ ఆర్‌జీబీలో, అంటే తెర మీది ఎరుపు, ఆకుపచ్చ, నీలం లెక్కలో వస్తుంది. ప్రెస్సులో దాన్ని సీఎంవైకేకి (సయాన్, మెజెంటా, పసుపు, నలుపు ఇంకుల లెక్కకి) మార్చేటప్పుడు నలుపు మామూలుగా నాలుగు ఇంకుల కలగలుపవుతుంది. ఒక్కో ఇంకుకీ ఉండే అచ్చు ప్లేటు వెంట్రుకవాసి జరిగినా చిన్న ఒత్తుల చుట్టూ రంగు అంచు తేలుతుంది. కర్వ్స్ చేసిన ఎస్‌వీజీని స్క్రైబస్ అనే ఉచిత పేజీ డిజైన్ సాఫ్ట్‌వేర్లోకి తెచ్చి, రంగుల పట్టికలో ఆ నలుపుని సీఎంవైకేకి మార్చి, కె (నలుపు ఇంకు) 100, మిగతా మూడూ 0 పెట్టి, అక్కణ్నుంచి ప్రింటర్ కోసమని పీడీఎఫ్ తీయండి.