ఉరుము తాత, నా క్లిక్కు

అనంతపురంలో పెళ్లిళ్ల ఆర్కెస్ట్రాకు కీబోర్డు వాయిస్తాను. పోయినేడు ఒక మిత్రుడు వేరుశనగ రైతు మీద 18 నిమిషాల షార్ట్ ఫిల్మ్ తీసి, "బీజీఎం నువ్వే చెయ్యాల" అన్నాడు. ట్యూన్లు చేతిలో పనే కదా, ఇదెంత అనుకున్నాను.

మొదటి రాత్రే వయొలిన్లు కుమ్మరించాను. రైతు గడ్డం గీసుకుంటున్నా వయొలిన్లే! మర్నాడు మావాడు ఏమీ అనకుండా సౌండ్ మ్యూట్ చేసి మళ్లీ చూపించాడు. మ్యూట్‌లోనే బాగుంది. అప్పుడు ఇద్దరం కూర్చుని సంగీతం ఎక్కడ మొదలవ్వాలి, ఎక్కడ ఆగాలి అని టైమ్‌కోడ్‌తో సహా రాసుకున్నాం. స్పాటింగ్ అంటారు దీన్ని. ముందే చెయ్యాల్సిన పని. చివరికి 6 నిమిషాల సంగీతమే మిగిలింది.

మబ్బు కోసం చూసే సీనుకు ఉరుము కావాలనిపించింది. మా జిల్లా వాయిద్యం. ఒక పక్క పుల్లతో కొడతారు, రెండో పక్క వంకర పుల్లతో తోలు మీద రుద్దుతారు. అప్పుడొచ్చే మూలుగు కీబోర్డులో రాదు, నేను రెండు రోజులు తంటాలు పడ్డాను. ధర్మవరం అవతలి పల్లె నుంచి ఒక పెద్దాయన్ని పిలిపించాను. ఫ్యాను ఆపి, కిటికీలకు దుప్పట్లు కట్టి, ఆయన చెవులకు హెడ్‌ఫోన్ తగిలించి 80 బీపీఎం క్లిక్, అంటే నిమిషానికి 80 సార్లు టిక్కుమనే తాళం, పెట్టాను. రెండు నిమిషాలకే తీసి పక్కన పెట్టేశాడు.

"ఏం నాయనా, ఈ టిక్కుటిక్కుకు కొట్టాల్నా, అమ్మవారికి కొట్టాల్నా?"

"అమ్మవారికే కొట్టు తాతా."

ఆయన ఇష్టానికి వాయించింది రికార్డు చేసుకుని, తర్వాత దాని వేగాన్ని బట్టే టెంపో గీసుకున్నాను. చూస్తే 80కి అటూఇటూగానే ఉంది!

మబ్బు కోసం చూస్తూ రైతు పిడికిట్లో మట్టి పట్టుకునే సీను 36 సెకన్లు. 80లో ఒక బార్, అంటే నాలుగు దెబ్బలు, 3 సెకన్లు, సరిగ్గా 12 బార్లు. మట్టి జారేచోట చివరి దెబ్బ. అంతా కుదిరాక మావాడు సీన్లో 2 సెకన్లు కోసేశాడు. "ఎడిట్ లాక్", అంటే ఇక కోతలుండవు అని చెప్పాక ఇలా చెయ్యడం అది మూడోసారి. కోపమొచ్చింది, దాచుకోలేదు. టెంపోను 85 దగ్గరికి లాగి చూస్తే రైతు బస్సు తప్పిపోతున్నవాడిలా కనిపించాడు. ఇక లాభం లేదని ఒక బార్ తీసేశాను. 33 సెకన్లకు ఉరుము ఆగుతుంది. ఒక సెకను ఏమీ ఉండదు. తర్వాత మట్టి రాలిన చప్పుడు, అంతే.

పూర్తయ్యాక తాతకు ఫోన్లో చూపించాను.

"నేను ఆడ ఆపలేదే?"

"నేనే ఆపించినా తాతా."

ఆయన చివరిదాకా చూసి, "వాన ఎప్పుడొస్తాది?" అన్నాడు.

"రాదు తాతా, సినిమా అయిపోయింది."

"ఇందులో గూడా రాలేదా!" అని ఫోను నా చేతికిచ్చాడు.