నాలుగు గొంతుల హంస

నిన్న రాత్రి దీపం ఆర్పేసి ఆర్కడెల్ట్ అనే స్వరకర్త కూర్చిన మాడ్రిగల్ ఒకటి వరుసగా ఆరుసార్లు విన్నాను. మాడ్రిగల్ అంటే పలు గొంతులు కలిసి పాడే పాట. 1539లో వెనిస్‌లో అచ్చయిన పాట. వాద్యం లేదు, నాలుగు గొంతులు మాత్రమే. తెల్లని తీయని హంస పాడుతూ చనిపోతుంది, నేను ఏడుస్తూ చనిపోతున్నాను అంటాడు ప్రేమికుడు. ఆ ‘ఏడుస్తూ’ అన్న మాట దగ్గర స్వరాల కలయిక ఉన్నట్టుండి ఊహించని వైపు ఒరుగుతుంది. ప్రతిసారీ అక్కడే నా ఊపిరి ఆగింది. ఇంత తీయని మరణమైతే రోజుకు వెయ్యిసార్లయినా సిద్ధమే అంటాడు చివర. ఆ ‘వెయ్యి’ని ఒక గొంతు వదలకముందే మరో గొంతు అందుకుంటుంది. ఎంత అందమో!

అప్పట్లో ఒక్కో గొంతుకు ఒక్కో పుస్తకం విడిగా అచ్చువేసేవారు. పాడేవారికి తమ వరుస తప్ప పక్కవారిది కంటికి కనిపించదు. బల్ల చుట్టూ కూర్చుని, చెవులతోనే ఒకరినొకరు పట్టుకోవాలి. ఎవరినో మెప్పించడానికి కాదు, చాలాసార్లు తమ ఆనందం కోసమే పాడుకునేవారు. ఇది తెలిశాక పాట నాకు మరింత దగ్గరైంది.

ఏడోసారి కింది గొంతును ఒక్కదాన్నే అనుసరించాలని కూర్చున్నాను. సగంలోనే పై గొంతు నన్ను లాక్కుపోయింది. ఈ రాత్రి మళ్లీ వింటాను.