అరసవల్లిలో ఆ కొద్ది నిమిషాలు

అక్టోబరు 1, 2 తేదీల్లో, మళ్ళీ మార్చి 9, 10 తేదీల్లో పొద్దున్నే అరసవల్లి సూర్యనారాయణ స్వామి పాదాల మీద సూర్యకిరణాలు పడతాయి. ఒక రోజు అటూ ఇటూ కావచ్చు. ఉండేది కొద్ది నిమిషాలే, మబ్బు పడితే అదీ దక్కదు. మొన్న అక్టోబరులో మా మేనత్తని తీసుకుని వెళ్ళాను. కంటి బాధలకి ఈ స్వామికి మొక్కుకోవడం మా వైపు ఎప్పటినుంచో ఉంది. అత్తకి శుక్లాల ఆపరేషన్ అయింది, మొక్కు తీర్చాలి.

శ్రీకాకుళం రోడ్ స్టేషన్ ఉండేది ఆమదాలవలసలో. అక్కడ దిగి ఆటోలో టౌన్‌కి చేరేసరికి సాయంత్రమైంది. నేరుగా అరసవల్లికి పోదామంటే అత్త ఒప్పుకోలేదు. ముందు నాగావళి ఒడ్డున ఉమారుద్ర కోటేశ్వరుణ్ణి చూడాలంది. బలరాముడు ప్రతిష్ఠించిన గుడి అది, నాగావళిని నాగలితో గీసి తెచ్చిందీ ఆయనే అని స్థలపురాణం. ఇంద్రుడు వేళ కాని వేళలో ఆ గుడికొచ్చి లోపలికి పోబోతే నందీశ్వరుడు ఒక్క తాపు తన్నాడట. ఇంద్రుడు వెళ్ళి పడి, స్పృహ తప్పి, కలలో సూర్యుణ్ణి కొలిచి, లేచాక ప్రతిష్ఠించినదే అరసవల్లి. "దేవుడి దగ్గరికైనా వేళ చూసుకునే ఎల్లాల నాయినా" అంది అత్త.

ఆ గుడి మెట్ల మీద కూర్చున్నప్పుడే నాకు రేవతి కథ గుర్తొచ్చింది. కకుద్మి అనే రాజు కూతురు రేవతిని వెంటబెట్టుకుని, ఆమెకి తగిన వరుడెవరో అడుగుదామని బ్రహ్మలోకానికి వెళ్ళాడు. అక్కడ గంధర్వులు పాడుతున్నారు. పాట అయ్యేదాకా ఒక్క క్షణం ఆగాడు. ఆ తర్వాత అడిగితే బ్రహ్మ నవ్వి, నువ్వనుకున్న వరులే కాదు, వాళ్ళ మనవల పేర్లు కూడా ఇప్పుడు వినపడవు, ఈలోగా ఇరవై ఏడు చతుర్యుగాలు గడిచిపోయాయి, భూమ్మీద బలరాముడున్నాడు, ఆయనకివ్వు అన్నాడు. ఇది భాగవతం తొమ్మిదో స్కంధంలో ఉంది. పాత యుగపు మనిషి కాబట్టి రేవతి చాలా పొడుగు. బలరాముడు నాగలి మోపి ఆమెని తన కాలపు ఎత్తుకి తెచ్చాడని విష్ణుపురాణం. మన నాగావళిని తెచ్చిందీ నాగలే. ఈ ఏటి ఒడ్డున కాలం గురించి ఆలోచించకుండా ఎలా ఉంటాం?

అర్ధరాత్రి దాటాక అరసవల్లి లైన్లో నిలబడ్డాం. జనం కిటకిట. చంటిపిల్లలు, కర్రలూతగా నడిచే ముసలివాళ్ళు, తడిబట్టలతో ఇంద్రపుష్కరిణి నుంచి వస్తున్నవాళ్ళు. ఆకాశంలో మబ్బులు. నాకు టెన్షన్. మాటిమాటికీ ఫోన్లో టైం చూస్తుంటే అత్త విసుక్కుంది: "ఆ సెల్లు జేబులో ఎట్టు. ఆయనొచ్చినప్పుడే తెల్లారతాది."

ఆ మాటలో ఎంత నిజముందో చెప్పాలి. మార్చి 10 నాడు, అక్టోబరు 2 నాడు సూర్యుడు దాదాపు ఒకే చోట, నేరు తూర్పుకి నాలుగు డిగ్రీలు దక్షిణంగా పొడుస్తాడు. ఒకటి పగలూ రాత్రీ సమానమయ్యే రోజుకి సుమారు పది రోజులు ముందు, ఇంకొకటి ఆ తర్వాత అన్నే రోజులకి. అందుకే రెండుసార్లూ అదే దారిన వెలుగు లోపలికొస్తుంది. కానీ గడియారం చూస్తే మాత్రం అక్టోబరులో పొద్దు ఇరవై నిమిషాలు ముందే పొడుస్తుంది. భూమి కొంచెం కోలగా తిరగడం, దాని ఇరుసు వాలి ఉండడం వల్ల సూర్యుడు మన గడియారానికి అక్టోబరు మొదట్లో పది నిమిషాలు ముందుంటాడు, మార్చిలో అంతే వెనకబడతాడు. అదే సూర్యుడు, అదే గడప, వేళ మాత్రం వేరు. ఇంకో సంగతి, స్వామి పుట్టినరోజు రథసప్తమి చంద్రుణ్ణి బట్టి వస్తుంది. ఒక ఏడు జనవరిలో, ఇంకో ఏడు ఫిబ్రవరిలో. కిరణాల తారీఖు అలా జరగదు. ఈ గుడిని ఏడో శతాబ్దంలో కళింగరాజు దేవేంద్రవర్మ కట్టించాడంటారు. గడియారం లేని రోజుల్లో ఆ గడపని ఈ వెలుగుకి ఎదురుగా నిలిపిన శిల్పుల్ని తలుచుకుంటే నాకు చేతులెత్తి మొక్కాలనిపిస్తుంది.

ఆరు దాటింది. తూర్పున మబ్బు విడింది. గోవింద నామాలకి బదులు ఒక్కసారిగా "ఆదిత్యాయ నమః" అని అరుపులు. గోపురం దాటి, అనివెట్టి మండపం మీదుగా వెలుగు లోపలికొచ్చింది. నల్లరాతి పాదాల మీద పసుపు నీళ్ళు పోసినట్టుంది. వెనకనుంచి తోపులాట, ముందునుంచి "కదలండి, కదలండి".

బయటికొచ్చాక అత్త అంది, "శానాసేపు నిలబడనిచ్చారు నాయినా, పాదాలూ మోకాళ్ళూ అన్నీ సూసేను." నాకైతే రెప్పపాటులో అయిపోయింది. ఒకే లైన్లో, ఒకరి వెనక ఒకరం నడిచాం. తను తప్పు చెప్పిందని నేననుకోను. తనకి అంతసేపు దొరికింది.

మధ్యాహ్నం శ్రీకూర్మం వెళ్ళి నక్షత్ర తాబేళ్ళని చూసి, కూర్మనాథుడికి దండం పెట్టుకుని తిరిగొచ్చాం. అత్త అప్పుడే మార్చి గురించి అడుగుతోంది. వెళ్ళాలనుకునేవాళ్ళకి నేను చెప్పేదీ మార్చే. అక్టోబరు మా దగ్గర వానల, తుపాన్ల నెల. మార్చిలో ఆకాశం చాలావరకు తేటగా ఉంటుంది. ముందురోజు సాయంత్రానికే టౌన్ చేరి, గుడి మూయకముందే కోటేశ్వరుణ్ణి చూసుకోండి.