కుంబ్లే బంతి తిప్పడంటారా?

బరంపురం, పర్లాకిమిడి వైపు మన కుర్రాళ్ళు లెగ్‌స్పిన్ (మణికట్టుతో తిప్పే బౌలింగ్) అనగానే ఆస్ట్రేలియా బౌలర్ షేన్ వార్న్‌నే పట్టుకుంటారు. బంతి జానెడు తిరక్కపోతే అది బౌలింగే కాదన్నట్టు మణికట్టు మెలిపెడతారు. మ్యాటింగ్ మీద, అంటే పిచ్ మీద పరిచిన చాప మీద ఆడేవాడికి అసలు గురువు అనిల్ కుంబ్లే. ఆయన బంతి తిప్పడని ఎగతాళి చేసినవాళ్ళున్నారు. 132 టెస్టుల్లో 619 వికెట్లు ఊరికే రాలాయా?

1999 ఫిబ్రవరి 7, ఢిల్లీ కోట్లా స్టేడియంలో టెస్టు. పాకిస్తాన్ లక్ష్యం 420. వికెట్ పడకుండా 101 కొట్టి, 207కే కూలిపోయింది. కుంబ్లే 26.3 ఓవర్లు వేసి 74 పరుగులకి పదికి పది తీశాడు. ఆ పదిలో మూడు ఎల్బీలు (వికెట్లకి వెళ్ళే బంతికి కాలు అడ్డొచ్చినవి), రెండు బౌల్డ్‌లు. అంటే సగం బంతులు నేరుగా వికెట్ల మీదికే వచ్చాయి. మిగతా అయిదు క్యాచ్‌లు. చివరిది వసీం అక్రమ్‌ది, షార్ట్ లెగ్‌లో (బ్యాట్స్‌మన్‌కి బాగా దగ్గరగా) మన హైదరాబాదీ లక్ష్మణ్ పట్టాడు. వాటిలో కొన్ని ఎక్స్‌ట్రా బౌన్స్ పుణ్యమే. కుంబ్లే పొడగరి, చెయ్యి నిటారుగా పైనుంచి వస్తుంది, మామూలు లెగ్‌స్పిన్నర్ కంటే వేగం ఎక్కువ. బ్యాట్స్‌మన్‌కి వెనక్కి జరిగి ఆడే తీరికే ఉండదు.

ఇక చేతిపని. చూపుడువేలు, మధ్యవేలు సీమ్‌కి (బంతి మీది కుట్టుకి) అడ్డంగా వెయ్యాలి. ఉంగరం వేలు మడిచి సీమ్‌కి ఆనించాలి, తిప్పేది అదే. వదిలేటప్పుడు సీమ్ స్లిప్ (కీపర్ పక్కన నిలబడే ఫీల్డర్) వైపు చూస్తే లెగ్‌బ్రేక్, అంటే పక్కకి తిరిగే మామూలు లెగ్‌స్పిన్ బంతి, నేరుగా బ్యాట్స్‌మన్ వైపు చూస్తే టాప్‌స్పిన్. టాప్‌స్పిన్ గాల్లో దిగి, పడ్డాక ఎగురుతుంది. ఫ్లిప్పర్ అనే మరో రకం బంతికి బొటనవేలికీ, ఆ రెండు వేళ్ళకీ మధ్య బంతిని నొక్కి చిటిక వేసినట్టు వదలాలి. వెనక్కి తిరుగుతూ వెళ్ళి, పడగానే జారి కిందగా వస్తుంది. చిటిక బలంగా పడకపోతే ఆ జారుడు రాదు. ముందు టెన్నిస్ బంతితో గోడకేసి సాధన చెయ్యండి, తోలు బంతి తర్వాత.

గట్టి నేల మీద పరిచిన చాప బౌన్స్‌ని ఎలాగూ పెంచుతుంది. అందుకే పొట్టి బంతి (బ్యాట్స్‌మన్‌కి బాగా ముందే నేలని తాకేది) వేస్తే పుల్ షాట్‌కి దొరికిపోతారు. స్టంప్స్‌కి మూడు మీటర్ల దగ్గర వేస్తూ వికెట్ లైన్ వదలకండి. అన్నట్టు, ఆట మొదలయ్యే ముందు చాప అంచుల్లో మేకులు చూడండి. చాప వదులైతే ఒక బంతి పాకుతుంది, ఇంకోటి గడ్డానికి లేస్తుంది. అప్పుడు కుంబ్లే వచ్చినా ఏం చేస్తాడు?